జొడొరోవ్‌స్కీని ఎక్కడి నుంచి మొదలుపెట్టాలి? ఆయన చేతుల నుంచి

మీ ప్రశ్న ఇది: "ఎల్ టోపో, హోలీ మౌంటెన్ రెండూ చూశాను, తల తిరిగింది తప్ప ఏమీ అర్థం కాలేదు. ఈ అలెహాండ్రో జొడొరోవ్‌స్కీ నటుడా, డైరెక్టరా? చిలీలో పుట్టినవాణ్ణి మెక్సికన్ సినిమా మనిషి అని ఎందుకు అంటారు? ఏ సినిమాతో మొదలుపెడితే బాగుంటుంది?"

నేను ఇరవై ఏళ్లకు పైగా నాటకాల్లో ఉన్నాను, అందులో ఎక్కువ కాలం పిల్లలకి, కాలేజీ కుర్రాళ్లకి మైమ్, అంటే మూకాభినయం, నేర్పడమే నా పని. కాబట్టి నా జవాబు అటువైపు నుంచే వస్తుంది. ఈ సినిమాల గురించి రాసేవాళ్లు ఎక్కువగా ప్రతీకల దగ్గర ఆగిపోతారు. ఈ కుందేలుకి అర్థం ఏంటి, జోస్యం చెప్పే ఆ టారో కార్డుకి అర్థం ఏంటి, ఆ రంగు ఎందుకు వాడాడు, ఇలా. నేనూ మొదట్లో అలాగే చూశాను, మీలాగే ఏమీ దక్కలేదు. ఆయన మైమ్ ఆర్టిస్టు అన్న సంగతి తెలిశాక మళ్లీ చూస్తే మాత్రం చాలా సీన్లు వాటంతట అవే తెరుచుకున్నాయి. నటుడా డైరెక్టరా అని అడిగారు కదా, ఆ రెండూ ఒక్క పనిలోంచే వచ్చాయి, ఆ పని మూకాభినయం.

ముందు జీవితం కొంచెం చెప్పాలి. 1929లో చిలీ ఉత్తరాన టోకోపియా అనే చిన్న రేవు పట్టణంలో పుట్టాడు, ఒక పక్క సముద్రం, ఒక పక్క అటకామా ఎడారి. తల్లిదండ్రులు ఉక్రెయిన్ నుంచి వలస వచ్చిన యూదు కుటుంబాలవాళ్లు. తర్వాత రాజధాని సాంటియాగోకి మారారు. అక్కడ యూనివర్సిటీలో చేరి మధ్యలో మానేశాడు, సర్కస్‌లో క్లౌన్ వేశాడు, తోలుబొమ్మలు, చెక్కబొమ్మలు ఆడించాడు, సొంతంగా ఒక మైమ్ బృందం పెట్టాడు. 1953లో పారిస్ వెళ్లి ఎతియెన్ దెక్రూ దగ్గర చేరాడు. మైమ్ తెలిసినవాళ్లకి దెక్రూ పేరు ఎంత పెద్దదో తెలుసు. శరీరాన్ని ముక్కలు ముక్కలుగా విడదీసి, మెడ వేరు, ఛాతీ వేరు, నడుము వేరు, ఒక్కొక్కదాన్నీ విడిగా కదపడం నేర్పిన మనిషి. ముఖంతో నటించడాన్ని అంతగా ఇష్టపడేవాడు కాదు, ఒళ్లే మాట్లాడాలి అనేవాడు. ఆ తర్వాత జొడొరోవ్‌స్కీ పేరున్న ఫ్రెంచి మైమ్ కళాకారుడు మార్సెల్ మార్సో బృందంలో చేరి దేశదేశాలు తిరిగాడు. మార్సోకి బాగా పేరు తెచ్చిన ఐటమ్స్‌లో 'ముసుగులు చేసేవాడు' ఒకటి, దాని వెనక ఆలోచన జొడొరోవ్‌స్కీదే. ఒకడు నవ్వు ముసుగు, ఏడుపు ముసుగు మార్చి మార్చి పెట్టుకుంటూ ఆడుకుంటాడు, ఉన్నట్టుండి నవ్వు ముసుగు ముఖానికి అతుక్కుపోతుంది, ఎంత లాగినా రాదు, ఒళ్లంతా భయంతో కొట్టుకుంటుంటుంది, ముఖం మాత్రం నవ్వుతూనే ఉంటుంది. అసలు ముసుగే ఉండదు స్టేజీ మీద, అంతా ముఖమే. మా క్లాసులో మొదటి నెలలోనే ఇది చూపిస్తాను, పిల్లలు మొదట పగలబడి నవ్వుతారు, చివరికి వచ్చేసరికి ఒక్కరూ మాట్లాడరు.

ఇక్కడ మనకి దగ్గరి సంగతి ఒకటి ఉంది. ఆయన మొదటి సినిమా 1957లో పారిస్‌లో తీసిన 'లా క్రావాట్', ఇరవై నిమిషాల రంగుల పొట్టి సినిమా, ఒక్క మాట కూడా ఉండదు. తలకాయలు అమ్మే దుకాణం ఒకటి ఉంటుంది. ఒక కుర్రాడు తనని పట్టించుకోని అమ్మాయి కోసం తల మార్పించుకుంటాడు. దుకాణం నడిపే అమ్మాయి మాత్రం అతని పాత తలని ఇంటికి తీసుకెళ్లి ప్రేమగా చూసుకుంటుంది. ఆ కుర్రాడిగా వేసింది జొడొరోవ్‌స్కీయే. దీనికి మూలం థామస్ మాన్ రాసిన 'తలలు మారిన కథ' అనే నవలిక, మాన్ దానికి తీసుకున్నది మన బేతాళ కథ. చందమామ చదివి పెరిగినవాళ్లకి చెప్పక్కర్లేదు, గుడిలో తలలు నరుక్కున్న ఇద్దరిని, వాళ్లలో ఒకరి భార్య బతికించబోయి తొందరలో ఒకరి తల ఇంకొకరికి అతికిస్తుంది, ఇప్పుడు ఆమె భర్త ఎవరు అని బేతాళుడు అడుగుతాడు, తల ఎవరిదైతే వాడే అని విక్రమార్కుడు చెబుతాడు. నాకు ఇది పెద్ద విషయం. ఎందుకంటే ఈయన జీవితమంతా తీసింది ఆ ప్రశ్ననే, ఒంటికి మనిషి యజమానా, మనిషికి ఒళ్లు యజమానా అని. ఈ పొట్టి సినిమా ప్రింటు కొన్ని దశాబ్దాల పాటు పోయిందనుకున్నారు, 2006లో జర్మనీలో ఒక ఇంటి అటక మీద దొరికింది.

ఇక మెక్సికో. మార్సో బృందంతో వచ్చి 1960 ప్రాంతంలో అక్కడే ఉండిపోయాడు. వందకు పైగా నాటకాలు వేయించాడు, బెకెట్, అయనెస్కో, స్ట్రిండ్‌బర్గ్ లాంటి యూరప్ రచయితలవి, అక్కడే స్థిరపడిన చిత్రకారిణి లియోనోరా కారింగ్టన్ నాటకం కూడా. మధ్యలో పారిస్ వెళ్లొస్తూ 1962లో నాటక రచయిత ఫెర్నాండో అర్రబాల్, చిత్రకారుడు రోలాండ్ తోపోర్‌తో కలిసి 'పానిక్' అనే కళా ఉద్యమం పెట్టాడు. 1965లో పారిస్‌లో నాలుగు గంటల ప్రదర్శన ఒకటి ఇచ్చారు, చూసినవాళ్లు మర్చిపోలేదు. మెక్సికోలో ఒక దినపత్రికకి 1967 నుంచి వారం వారం బొమ్మల కథలు గీశాడు. టీవీలో పియానో పగలగొట్టి గొడవ చేశాడు. ఇవన్నీ ఎందుకు చెబుతున్నానంటే, ఆయన సినిమాకి వచ్చేటప్పటికి నలభై దగ్గరపడ్డ, స్టేజీ మీద పండిపోయిన మనిషి. ఫిల్మ్ స్కూల్ గడప తొక్కలేదు.

మెక్సికన్ సినిమాయేనా అన్న అనుమానానికి నా జవాబు, నూటికి నూరుపాళ్లు. ఆ రోజుల్లో అక్కడి సినిమా యూనియన్లు కొత్త డైరెక్టర్లని దాదాపు రానిచ్చేవి కావు, పరిశ్రమ పాతబడి ఎండిపోతోంది. 1965లో అలాంటి ఒక యూనియనే ప్రయోగాత్మక సినిమాల పోటీ పెట్టింది, రూబెన్ గామెస్ తీసిన 'రహస్య సూత్రం' గెలిచింది. అదే పోటీలో హువాన్ హోసే గుర్రోలా తీసిన 'తహిమారా' కూడా ఉంది. గుర్రోలా కూడా నాటకాల నుంచి వచ్చిన నటుడు, దర్శకుడే. అంటే మెక్సికోలో కొత్త సినిమా పుట్టింది చాలావరకు నాటకాలవాళ్లు, కవులు, చిత్రకారుల చేతుల్లో. జొడొరోవ్‌స్కీ ఆ గుంపులోవాడు. ఆయన మొదటి మూడు ఫీచర్ సినిమాలకీ కెమెరా పట్టిన రఫాయెల్ కోర్కిడి మెక్సికో మనిషే, తర్వాత సొంతంగా 'దేవదూతలు', 'పఫ్నూసియో సాంతో' లాంటి వింత సినిమాలు తీశాడు. జనం కోర్కిడిని మర్చిపోతారు, నాకు బాధనిపిస్తుంది. ఎల్ టోపోలో ఇసుక తెల్లగా మండిపోతూ మధ్యలో నల్లటి మనిషి నిలబడే ఆ ఫ్రేములు ఆయన కన్నే.

మొదటి ఫీచర్ 'ఫాండో, లిస్' 1968లో వచ్చింది. అర్రబాల్ నాటకం అది, స్టేజీ మీద తాను వేయించినదాన్ని గుర్తున్నంతవరకు సినిమాగా తీశాడు, శని, ఆదివారాలు మాత్రమే షూటింగ్. నడవలేని అమ్మాయిని బండి మీద పెట్టి ఒక కుర్రాడు లేని ఊరి కోసం తోసుకెళ్తూ ఉంటాడు, ప్రేమిస్తాడు, హింసిస్తాడు, అంతే కథ. అకాపుల్కో ఫెస్టివల్‌లో వేసినప్పుడు పెద్ద గొడవ జరిగింది, డైరెక్టర్‌ని దొంగచాటుగా కారులో తప్పించాల్సి వచ్చింది, మెక్సికోలో సినిమాని నిషేధించారు. ఆ ఏడాది అక్టోబర్ 2న మెక్సికో నగరంలోని త్లాతెలోల్కో చౌకులో విద్యార్థుల మీద సైన్యం కాల్పులు జరిపింది, పది రోజుల తర్వాత ఒలింపిక్స్ మొదలయ్యాయి. దేశం ఏ టెన్షన్‌లో ఉందో ఊహించుకోండి. హోలీ మౌంటెన్‌లో కాల్పుల్లో పడిపోయినవాళ్ల గాయాల్లోంచి పిట్టలు ఎగిరిపోయే సీన్ మీరు చూశారు కదా. అది ఊరికే వింత కోసం పెట్టిన సీన్ అనుకున్నారేమో, మెక్సికో ప్రేక్షకుడికి ఆ చౌకు గుర్తురాకుండా ఉండదు.

ఇప్పుడు ఎల్ టోపో, 1970. టోపో అంటే నేలలో సొరంగాలు తవ్వే చిన్న జంతువు, సూర్యుణ్ణి వెతుక్కుంటూ తవ్వి తవ్వి పైకి వస్తుంది, వెలుగు చూడగానే కళ్లు పోతాయి అని సినిమా మొదట్లోనే చెబుతాడు. రాసింది, తీసింది, సంగీతం, సెట్లు, బట్టలు, చివరికి హీరో వేషం కూడా ఆయనే. మీరు దీన్ని పిచ్చి కౌబాయ్ సినిమాగా చూసి ఉంటారు. ఈసారి ఆయన నడక చూడండి. మొదటి సగంలో నల్ల తోలు బట్టల్లో నిలువుగా, బిగుసుకుపోయి, చేతులు ఒంటికి దూరంగా పెట్టుకుని నడుస్తాడు, తనని తాను దేవుడనుకునే మనిషి నడక అది. ఎడారిలో నలుగురు గురువుల్ని మోసంతో, అదృష్టంతో గెలుస్తాడు, ఒక్కొక్కరిని గెలిచినకొద్దీ ఆ బిగువు విరిగిపోతూ వస్తుంది. రెండో సగంలో గుహలో మేల్కొంటాడు, గుండు, మోకాళ్లు వదులు, భుజాలు కిందికి. ముఖం చూడకుండానే వేరే మనిషి అని తెలుస్తుంది. దెక్రూ శిష్యుడు మాత్రమే అలా చేయగలడు.

అసలు నాకు ఆ సినిమాలో ప్రాణం లాంటి భాగం గురించి ఎవరూ మాట్లాడరు. గుహలో చిక్కుకుపోయిన వికలాంగుల కోసం సొరంగం తవ్వాలి, డబ్బు కావాలి. అందుకని అతనూ, ఆ గుహలోనే ఉండే ఒక పొట్టి అమ్మాయీ ఊళ్లోకి వెళ్లి వీధిలో మూకాభినయం చేసి చిల్లర అడుక్కుంటారు. తుపాకీతో ఎవర్నైనా కాల్చగలిగిన మనిషి చివరికి క్లౌన్ అవుతాడు. ఆ ఐదారు నిమిషాలు జొడొరోవ్‌స్కీ తన సొంత బతుకుని తెర మీద పెట్టాడు, సాంటియాగో సర్కస్ నుంచి అప్పటిదాకా చేసిన పనే అది. మన నాట్యశాస్త్రం ఒంటితో చెప్పేది ఆంగికం, మాటతో చెప్పేది వాచికం అని విడదీస్తుంది కదా, ఈయన సినిమాల్లో వాచికం మీద దృష్టి పెడితే విసుగొస్తుంది, డైలాగులు ఉపన్యాసంలా ఉంటాయి, నిజం చెప్పాలంటే బలహీనంగా కూడా ఉంటాయి. ఆంగికం పట్టుకుంటే సినిమా మొత్తం నడుస్తుంది.

ఈ సినిమా న్యూయార్క్‌లో ఎల్జిన్ అనే పాత హాల్లో 1970 డిసెంబర్ నుంచి అర్ధరాత్రి ఆటలుగా ఆడింది, 1971 జూన్ దాకా ఆపకుండా. అర్ధరాత్రి సినిమాలు అనే అలవాటు అమెరికాలో పాతుకుపోయింది దీనితోనే. జాన్ లెనన్ చూసి మెచ్చుకున్నాడు, ఆయన మాట మీద బీటిల్స్ మేనేజర్ అలెన్ క్లైన్ హక్కులు కొన్నాడు, తర్వాతి సినిమాకి డబ్బు పెట్టాడు. అదే 1973 నాటి హోలీ మౌంటెన్, ఇందులో ఆయన రసవాది వేషం వేశాడు. ఇందులో కూడా ఒంటినే చూడండి, తాగి పడిపోయిన దొంగ ఒంటి మీద ప్లాస్టర్ పోసి అచ్చు తీసి క్రీస్తు బొమ్మలు వందలకొద్దీ తయారు చేస్తారు, దొంగ లేచి తన ఒళ్లే తన చుట్టూ గుట్టలుగా పడి ఉండటం చూసి అరుస్తాడు. ముసుగు చేసేవాడి కథే మళ్లీ, ఈసారి ముఖం బదులు ఒళ్లంతా. చివర్లో కెమెరా వెనక్కి వెళ్లి షూటింగ్ వాళ్లందరినీ చూపించేస్తుంది. సినిమాల్లో అప్పటికి అది పెద్ద సాహసం, నాటకంలో తెర ఎత్తి వెనకున్న తాళ్లు చూపించడం మాకు అలవాటే.

ఇక్కడ ఒక చేదు సంగతి దాటేసి వెళ్లలేను. ఎల్ టోపో వచ్చిన కొత్తలో, అందులోని బలాత్కారం సీన్ నటితో నిజంగానే జరిగింది అని ఆయన గొప్పగా చెప్పుకున్నాడు, పుస్తకంలోనూ వచ్చింది. తర్వాతి ఏళ్లలో అది ప్రచారం కోసం అన్న మాట, అలా జరగలేదు అన్నాడు. 2019లో న్యూయార్క్‌లోని మ్యూజియో దెల్ బారియో ఆ మాటల వల్లే ఆయన మీద పెట్టబోయిన ప్రదర్శన రద్దు చేసింది. నా అభిప్రాయం సూటిగా చెబుతాను: ప్రచారం కోసమైనా ఆ మాట అనడం నీచమైన పని, ఆ నటికి జరిగిన అన్యాయం ఆ మాటతోనే జరిగిపోయింది. ఎల్ టోపోలో చచ్చిన కుందేళ్లు కూడా నిజమైనవే. ఒంటిని ఇంతగా ప్రేమించిన కళాకారుడు ఎదుటివాళ్ల ఒళ్లని, జంతువుల ఒళ్లని అంత తేలిగ్గా వాడుకోవడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు. మీరు చూసేటప్పుడు ఇది తెలిసే చూడండి, చూడకూడదు అనిపిస్తే మానేయండి, ఎవరూ తప్పుపట్టరు.

ఎల్ టోపో మొదట్లో ఏడేళ్ల కొడుకు చేత తన మొదటి బొమ్మని, తల్లి ఫోటోని ఇసుకలో పాతిపెట్టిస్తాడు. ఆ పిల్లాడు ఆయన సొంత కొడుకు బ్రోంటిస్, బొమ్మ కూడా వాడిదే. చాలా ఏళ్ల తర్వాత ఆ పని తప్పని ఒప్పుకుని, పెద్దవాడైన కొడుకు చేత మళ్లీ బొమ్మ తవ్వి తీయించానని ఆయనే చెప్పుకున్నాడు. ఈ కొడుకుల సంగతి గుర్తుంచుకోండి, కింద మళ్లీ వస్తుంది.

హోలీ మౌంటెన్ తర్వాత క్లైన్ ఒక శృంగార నవలని సినిమాగా తీయమంటే ఈయన తప్పుకున్నాడు, క్లైన్ కోపంతో రెండు సినిమాలనీ దాదాపు ముప్పై ఏళ్లు బయటికి రానివ్వలేదు. నేను మొదటిసారి ఎల్ టోపో చూసింది అందుకే ఒక దొంగ కాపీలో, రంగులన్నీ కలిసిపోయి, మనుషులు మచ్చల్లా కనిపించే ప్రింటు. నడక సంగతి దేవుడెరుగు, ఎవరు ఎవరో తెలిస్తే గొప్ప. 2004లో వాళ్లిద్దరూ రాజీ పడ్డారు, బాగు చేసిన ప్రింట్లు 2007లో డీవీడీగా వచ్చాయి. మీరు చూసింది ఏదో పాత అప్‌లోడ్ అయితే దాన్ని లెక్కలోంచి తీసేయండి.

ఆయన మొదలుపెట్టి తీయలేకపోయిన సైన్స్ ఫిక్షన్ సినిమా డ్యూన్ గురించి మీరెలాగూ వింటారు కాబట్టి తొందరగా చెప్పేస్తాను. 1974 నుంచి రెండేళ్లు దాని మీద పని చేశాడు, ఫ్రెంచి కామిక్స్ చిత్రకారుడు మోబియస్ బొమ్మలు గీశాడు, చిత్రకారుడు గీగర్, సినిమా రచయిత డాన్ ఒబానన్ చేరారు, చిత్రకారుడు డాలీని, డైరెక్టర్ ఆర్సన్ వెల్స్‌ని నటించడానికి ఒప్పించాడు, డబ్బు దొరక్క ఆగిపోయింది. ఆ బృందంలో కొందరు తర్వాత 'ఏలియన్' చేశారు. నాకు ఆసక్తి కలిగించేది వేరే, హీరో వేషానికి బ్రోంటిస్‌ని అనుకుని, ఆ పిల్లాడికి రెండేళ్లపాటు రోజూ యుద్ధవిద్యలు నేర్పించాడు. సినిమా లేకపోయినా ఒళ్లు మాత్రం తయారైంది. ఆ తర్వాత 1980లో 'టస్క్' అని ఏనుగు కథ ఒకటి ఇండియాలోనే తీశాడు, దాన్ని ఆయనే తన సినిమాగా పెద్దగా ఒప్పుకోడు, వదిలేయండి. 1990 నాటి 'రెయిన్‌బో థీఫ్' కూడా అంతే. మధ్యలో మోబియస్‌తో చేసిన 'ఇన్‌కాల్' కామిక్స్ మాత్రం చదవండి.

ఇప్పుడు మీ చివరి ప్రశ్న. సాంతా సాంగ్రేతో మొదలుపెట్టండి, 1989. మెక్సికో నగరంలో తీశాడు, నిర్మాత ఇటలీ మనిషి క్లాడియో అర్జెంటో. ఆయన సినిమాల్లో కథ తిన్నగా నడిచేది ఇదే. సర్కస్‌లో పెరిగిన ఫీనిక్స్ అనే పిల్లాడు, కత్తులు విసిరే తండ్రి, చేతులు లేని కన్య పేర కట్టిన గుడిని నడిపే తల్లి. తండ్రి తల్లి రెండు చేతులూ నరికేస్తాడు. ఏళ్ల తర్వాత పెద్దవాడైన కొడుకు తల్లి వెనక నిలబడి తన చేతులు ఆమె చేతులుగా చేస్తాడు, ఆమె అన్నం తినాలన్నా, పియానో వాయించాలన్నా, ఎవరినైనా చంపాలన్నా. పెద్ద ఫీనిక్స్‌గా ఒక కొడుకు యాక్సెల్, చిన్న ఫీనిక్స్‌గా ఇంకో కొడుకు అదాన్. తల్లిగా బ్లాంకా గెర్రా. ఇద్దరు మనుషులు ఒక్క ఒళ్లుగా నటించడం ఎంత కష్టమో మా పిల్లలని అడగండి, వేలు అర సెకను ఆలస్యమైతే మొత్తం కూలిపోతుంది. ఇందులో చెవిటి మూగ అమ్మాయి ఆల్మా ఉంది, ముఖానికి తెల్ల రంగు వేసుకుని సైగలతోనే మాట్లాడుతుంది, మైమ్ నేరుగా ఒక పాత్రై నడిచొచ్చినట్టు. చివర్లో ఏం జరుగుతుందో చెప్పను, ఆ చేతులు ఎవరివి అన్నదాని మీదే ఆగుతుంది.

దాని తర్వాత 'లా క్రావాట్', ఇరవై నిమిషాలే కదా. అప్పుడు ఎల్ టోపో మళ్లీ. హోలీ మౌంటెన్ ఆఖరికి పెట్టుకోండి. వీలైతే 2013 నాటి 'డాన్స్ ఆఫ్ రియాలిటీ', 2016 నాటి 'ఎండ్‌లెస్ పొయెట్రీ' కూడా చూడండి. ఇరవై మూడేళ్లు సినిమా తీయకుండా ఉండి, ఎనభై నాలుగేళ్ల వయసులో సొంత ఊరు టోకోపియా వెళ్లి తన బాల్యాన్ని తీశాడు. తన తండ్రి వేషం బ్రోంటిస్‌ది, రెండో సినిమాలో తన యవ్వనం వేషం అదాన్‌ది. తల్లి ఒక్క మాట మాట్లాడదు, మొత్తం పాడుతుంది. నల్ల బట్టలేసుకున్న మనుషులు ఫ్రేములోకే వచ్చి సామాన్లు అందించి వెళ్తారు, దాచాలని చూడడు. రెండో సినిమా చివర పడవ రేవులో, పారిస్ వెళ్లిపోతున్న కుర్రాడి దగ్గరికి ముసలి జొడొరోవ్‌స్కీ స్వయంగా నడిచొచ్చి, తండ్రిని దగ్గరికి తీసుకోమంటాడు. అంటే తండ్రి అయిన కొడుకుని, తాను అయిన ఇంకో కొడుకు హత్తుకోవాలి, ముసలాయన పక్కన నిలబడి చూస్తుంటాడు. ఎల్ టోపోలో ఇసుకలో బొమ్మ పాతిన పిల్లాడే ఆ తండ్రి వేషంలో ఉన్నాడని గుర్తు తెచ్చుకుని చూడండి.

ఒక చిన్న పని చేయమని అడుగుతాను. సాంతా సాంగ్రేలో తల్లీకొడుకులు స్టేజీ ఎక్కి కలిసి ప్రదర్శన ఇచ్చే సీన్ వచ్చినప్పుడు సౌండ్ పూర్తిగా తీసేసి ఒకసారి చూడండి, ఆమె ముఖం వదిలేసి ఆ చేతులు మాత్రమే. తర్వాత సౌండ్ పెట్టి రెండోసారి. ఏం కనిపించిందో ఇక్కడే రాయండి, మిగతా సినిమాల గురించి అక్కడి నుంచి మాట్లాడుకుందాం.